పదేళ్ల సర్వీసుకు పెరిగేది రూ.800.. ప్రమోషన్ వద్దంటే అదీ లేదు!

కేంద్రీయ విద్యాలయాల్లో టీచర్లకు 12, 24 ఏళ్లకు సీనియర్, సెలక్షన్ గ్రేడ్లు ఉన్నాయి. మరి ఆఫీసు సిబ్బంది సంగతేంటి? వాళ్లకున్నది ఎంఏసీపీ. ప్రమోషన్ రాకపోయినా 10, 20, 30 ఏళ్ల సర్వీసుకు జీతాన్ని ఒక్కో లెవల్ పెంచే స్కీమ్ ఇది. 2008 సెప్టెంబర్ 1 నుంచి అమల్లో ఉంది. ఏపీ, తెలంగాణ సర్కారు బడుల్లో జూనియర్ అసిస్టెంట్‌కైతే ఆరేళ్లకే స్పెషల్ గ్రేడ్.

లెక్క వేస్తే అసలు విషయం తెలుస్తుంది. జూనియర్ సెక్రటేరియట్ అసిస్టెంట్ ఏడో వేతన సంఘం స్కేళ్లలో లెవల్ 2లో, రూ.19,900 బేసిక్‌తో చేరతారు. పది ఇంక్రిమెంట్లతో అది రూ.26,800 అవుతుంది. ఎంఏసీపీ వస్తే రూ.27,600. అంటే పెరిగింది రూ.800, దానిపై డీఏ! పైగా ప్రమోషన్‌తో వెళ్లేది లెవల్ 4కి, ఎంఏసీపీతో దక్కేది లెవల్ 3 మాత్రమే. ఎంఏసీపీలో ప్రమోషన్ పోస్టు స్కేలు ఇవ్వక్కర్లేదని సుప్రీంకోర్టు కూడా 2020లో తేల్చేసింది.

ఇంతకంటే పెద్ద చిక్కు ఇంకోటి ఉంది. పదేళ్లు నిండకముందే ప్రమోషన్ ఇచ్చి దూరంగా పోస్టింగ్ వేశారనుకోండి. ఇంట్లో పెద్దవాళ్లున్నారనో, పిల్లల చదువులనో వద్దంటే ఇక ఆ ఎంఏసీపీ రాదు. పనితీరు రిపోర్టుల్లో ‘వెరీ గుడ్’ లేకపోయినా అంతే. 2016 జులైకి ముందు వీళ్లకు ‘గుడ్’ ఉంటే సరిపోయేది.