సీమ మాటకు తెర మీద గద్దె వేసిన లెక్కల మాస్టారు

ఈ వారం మన శీర్షికలో హీరో లేడు. హీరో చేత తన్నులు తిన్నవాడున్నాడు. గుబురు మీసం, ఉరిమే గొంతు, గుడ్లురిమి ఒక్క చూపు చూస్తే నేల టిక్కెట్టు నుంచి బాల్కనీ దాకా గప్‌చిప్! ఆయనే జయప్రకాశ్ రెడ్డి.

పుట్టింది 1946 మే 8న, కర్నూలు జిల్లా శిరివెళ్ళలో. (ఇప్పుడది నంద్యాల జిల్లా.) తండ్రి పోలీసు శాఖలో సబ్ ఇన్‌స్పెక్టర్. కొడుకు మాత్రం చాక్‌పీసు పట్టి లెక్కల మాస్టారయ్యాడు. నాటకాల పిచ్చి మాత్రం వదల్లేదు. ఓ నాటకంలో ఆయన్ని చూసిన దాసరి నారాయణరావు గారు నిర్మాత రామానాయుడు గారికి చెప్పారు. అలా 1988లో 'బ్రహ్మపుత్రుడు'తో తెరకెక్కాడు.

అక్కడితో దశ తిరిగిందనుకుంటున్నారా? అబ్బే! అసలు బ్రేక్ వచ్చింది 9 ఏళ్ళ తర్వాత, 1997లో 'ప్రేమించుకుందాం రా'తో. అప్పటికి మాస్టారి వయసు యాభై దాటింది!

ఆ సినిమాలో కొత్తగా వినిపించింది ఆయన మాట. అంతకు ముందు సినిమా విలన్ ఏ ఊరివాడైనా సరే, మాట్లాడేది మాత్రం ఎక్కువగా కోస్తా యాసో, పుస్తకాల భాషో. ఈయన నోట "యాడికి", "ఎట్ల" అన్న మాటలు వింటుంటే మన పక్కింటి పెద్దాయన మాట్లాడుతున్నట్టే ఉండేది. ఆ తర్వాత 1999లో 'సమరసింహారెడ్డి', 2000లో 'జయం మనదేరా'. ఈ రెండో దానికి ఉత్తమ విలన్‌గా నంది కూడా వచ్చింది.

అయితే ఇక్కడో చిక్కుంది. ఆ సినిమాలన్నీ ఆడాక, కర్నూలు, కడప అంటే కత్తులూ బాంబులే అన్న ముద్ర పడిపోయింది. నీళ్ళులేక బీడుపడ్డ చేలు, వలసపోయే కూలీలు ఏ రీలులోనూ కనబడరేం? అది నటుడి తప్పు కాదు, రాసినవాళ్ళదీ, తీసినవాళ్ళదీ. చప్పట్లు కొట్టిన మనకూ అందులో వాటా ఉంది.

విశేషం ఏమిటంటే, భయపెట్టిన ఆ యాసతోనే తర్వాత జనాన్ని కడుపుబ్బ నవ్వించాడు. సుమోలు దూకించిన మనిషే అమాయకంగా మొహం పెడితే నవ్వు ఆగేదా? అన్నిటికీ మించి 'అలెగ్జాండర్' అనే నాటకంలో రంగస్థలం మీద ఒక్కడే నిలబడి, ఏకపాత్రతోనే మొత్తం నడిపించేవాడు.

2020 సంక్రాంతికి 'సరిలేరు నీకెవ్వరు'లో కనిపించిన ఆయన, అదే ఏడు సెప్టెంబరు 8న గుంటూరులో గుండెపోటుతో కన్నుమూశాడు. వయసు 74.

ఈసారి ఆయన సినిమా చూసేటప్పుడు కత్తిని కాదు, మాటను గమనించండి. మన సీమ దొరికేది అందులోనే!