ఎవరి సద్ది వారిదే, చాప యొక్కటే

కార్తికమాసము వచ్చినంతనే పలనాటి యూళ్లలో సద్దిమూటలు కదలును. బొల్లాపల్లి వంటి అడవియంచు గ్రామముల వారు చెట్టునీడకై దూరము పోనక్కరలేదు. ఉసిరిచెట్టు క్రింద విస్తళ్లు పరచుకొని, ఇంటినుండి తెచ్చిన పులిహోరను, దద్దోజనమును ఆరగించుటయే వనభోజనము. ఇది మోటతనమని నవ్వువారు పట్టణములలో కొందరు గలరు. పోయినచోటనే కొని తినుట నాగరికమట!

అట్టివారు వియన్నా నగరమువంక చూడవలెను. ద్రాక్షతోటలవారు తాము తీసిన ఆసవమును తామే అమ్ముకొనవచ్చునని రెండవ జోసెఫు చక్రవర్తి 1784లో ఉత్తరువు చేసెను. పానము తోటవానిది, తిండి యింటిది. జనులు బుట్టలతో పోయి అచ్చట కూర్చుండుట వాడుకయయ్యెను. బవేరియా ప్రభుత్వము 1999లో బీరుతోటలకు చేసిన నిబంధనలలో, ఇంటి తిండిని రుసుము లేక అచ్చట తినగలుగుట ఆ తోటల లక్షణమనియే చెప్పినది. వారి పానము మనకు వలదు. 1992లో దూబగుంట స్త్రీలు సారాపై సలిపిన పోరాటమును మనము మరువలేదు. ఐనను సద్దిమూటకు సిగ్గుపడనక్కరలేదని తెలియుటకు ఈ నిదర్శనము చాలును.

మా యభ్యంతరము మూటపై గాదు, దానిని విప్పు చోటుపై. నేడు వనభోజనములకు కులము పేర పిలుపులు వచ్చుచున్నవి. ఈ చెట్టు క్రింద నొక కులము, ఆ తోటలో వేరొక కులము. నడుమ నాయకుల యుపన్యాసములు, ఓట్ల లెక్కలు. పలనాట నిది మరింత తలవంపు. పండ్రెండవ శతాబ్దమున బ్రహ్మనాయుడు సకల కులములవారిని ఒక్క బంతిని కూర్చుండబెట్టి చాపకూడు పెట్టెనని చెప్పుకొని మీసము దువ్వువారము మనమే గదా! కార్తిక అమావాస్యనాడు కారంపూడిలో ఆరంభమగు వీరుల యుత్సవములయందు, మందపోరునాడు నేటికిని చాపకూడు జరుగుచున్నది. కులమువారీగా తోటలకు పోయివచ్చి, కొలదిదినములకే ఆ చాపపై కూర్చుండి ఛాయాపటము తీయించుకొనుట యేపాటి వీరపూజ?

బొల్లాపల్లి యువకులు వచ్చు కార్తికమున నొక పని చేసి చూతురుగాక. ఎవరి సద్ది వారే కట్టుకొని రండు. విప్పుట మాత్రము ఒక్క చాపపై విప్పుడు. గోంగూరపచ్చడి యే యింటిదని యడుగువానికి ఆ పూట విస్తరి వేయకుడు.