ఏటా ఓ మెట్టు ఎక్కే నాచు!

నాచు అనగానే వానాకాలంలో ప్రహరీగోడ మీద కనిపించే పచ్చటి పొరే గుర్తొస్తుంది. కెనడా, స్వీడన్, ఫిన్లాండ్‌లలోని చలి అడవుల్లో అయితే స్ప్రూస్, పైన్ చెట్ల కింద తివాచీ పరిచినట్టు పెరిగేది పక్షి ఈకల్లాంటి నాచు. అందులో మూడు రకాలు ఎక్కువ. కాడ ఎర్రగా ఉంటే ప్లూరోజియం. అచ్చం నిప్పుకోడి ఈకలా ఉంటే టిలియం. మెట్లుమెట్లుగా ఉంటే హైలోకోమియం. ఇది ఏటా పాత మెట్టు మీంచి కొత్తది వేస్తుంది. వాటిని లెక్కపెడితే ఆ కాడ వయసు ఇంచుమించుగా తెలిసిపోతుంది! ప్లూరోజియం ఆకుల్లో ఉండే సయనోబాక్టీరియా గాలిలోని నత్రజనిని పట్టి ఆ అడవులకు అందిస్తుందని 2002లో స్వీడన్‌లో చేసిన పరిశోధనలో తేలింది. అక్కడి నేలల్లో నత్రజని చాలా తక్కువ. అందుకే గుప్పెడు నాచు పీకితే పోయేది పచ్చదనమొక్కటే కాదు, ఏళ్ల ఎదుగుదలా, అడవికందే ఎరువూ!