బొమ్మ మీరే అమ్ముకోండ్రి.. మ్యాచ్ ముచ్చట మాత్రం మాకు వినిపియ్యుండ్రి

ఇయ్యాల ఫుట్‌బాల్ మ్యాచ్ లైవ్ చూడాలంటే మంచి ఫోను ఉండాలె, ఆగని నెట్టు ఉండాలె, ఏదో ఒక యాప్‌కు చందా కట్టి ఉండాలె. ఊర్ల ఉన్న పోరగాండ్లకు ఒకటుంటె ఇంకోటి ఉండదు. మక్కచేను కాడ అడవిపందులకు కావలి పన్నోడు, రాత్రంత హార్వెస్టర్ మీద ఉండేటోడు, హాస్టల్ల నలుగురు కలిసి ఒక్క ఫోను వాడే ఆడపిల్లలు.. వీళ్లకు మ్యాచ్ అంటే తెల్లారి వాట్సాప్‌ల వచ్చే స్కోరే. ఆట అయిపోయినంక తెలిసే ఆట, సల్లారిన చాయ్ అసోంటిది.

కని వీళ్లందరికీ రెండు చెవులున్నయి. ఫుట్‌బాల్‌ను చెవులతోని చూసుడు కొత్త సంగతేం కాదు. ప్రపంచం నూరేండ్ల సంది చేస్తున్న పనే. మన దగ్గరనే దాన్ని ఎవ్వలు లెక్కల పెట్టలే. అడగాల్సిన మనం గూడ అడగలే.

చెవులతోని చూసిన ఆట

1927 జనవరి 22న లండన్ల హైబరీ గ్రౌండ్ నుంచి ఆర్సెనల్, షెఫీల్డ్ యునైటెడ్ మ్యాచును బీబీసీ రేడియోల లైవ్ చెప్పింది. ఇంగ్లండ్ల లీగ్ మ్యాచ్ లైవ్‌గ రేడియోల వచ్చుడు అదే మొదలు. చెప్పినాయన వేక్‌లమ్. మరి ఇంట్ల కూసున్నోనికి బాల్ ఎక్కడున్నదో ఎట్ల తెల్వాలె? దానికి గ్రౌండ్ బొమ్మ గీసి, ఎనిమిది గడులు చేసి, గడికో నంబరేసి రేడియో టైమ్స్ పత్రికల అచ్చేసిండ్రు. ఒకాయన ఆట చెప్తుంటె పక్కన ఇంకొకాయన గడి నంబరు చెప్పేటోడు. వినేటోడు కాయితం మీద ఏలు పెట్టి బాల్ ఎంబడి పోయేటోడు. ఆ మ్యాచ్ 1–1తోని డ్రా అయ్యింది.

అంతకు వారం ముందు రగ్బీ మ్యాచ్ చెప్పేటప్పుడు, చూపు లేని ఒకాయనను వేక్‌లమ్ దగ్గర కూసోబెట్టి, ఆయనకు చెప్తున్నట్టే చెప్పమన్నరట. రేడియో కామెంటరీ మర్మమంత గిదే. టీవీల చెప్పేటోడు కాసేపు నోరు మూసుకున్నా బొమ్మ నడుస్తది. రేడియోల నోరు ఆగిందంటే గ్రౌండే మాయమైతది. అందుకని టీవీ సౌండును కోసి ఇంటె అది రేడియో కామెంటరీ కాదు. బాల్ ఏ దిక్కున్నది, ఎవని కాళ్ల కాడున్నది, గోలుకు ఎంత దూరం, టైమెంత.. ఇవన్ని వినేటోని కండ్ల ముంగట పెట్టాలె. అది వేరే విద్య.

చూపు లేనోళ్లకు ఇది సరదా కోసం కాదు, వాళ్లకున్న ఒకే తొవ్వ. 2022 ఖతార్ ప్రపంచకప్‌ల అసోంటోళ్ల కోసం ఇంగ్లీషుల, అరబ్బీల ప్రత్యేకంగ వివరించి చెప్పే కామెంటరీ పెట్టిండ్రు. మన దిక్కు ఆ మాట ఎత్తినోళ్లే లేరు.

తలుపు ఎవరు మూసిండ్రు?

ఇంగ్లండ్ల ఒక ఇసిత్రమైన కట్టుబాటు ఉన్నది. శనివారం మధ్యాహ్నం 2:45 నుంచి 5:15 దాక ఆ దేశంల టీవీల ఫుట్‌బాల్ మ్యాచ్ లైవ్ రావద్దు. 1960ల సంది నడుస్తున్నది. పెద్ద జట్టు మ్యాచ్ టీవీల వస్తె, సొంతూరి చిన్న జట్టు మ్యాచుకు ఎవ్వలు పోరు, టికెట్లు తెగవు, చిన్న క్లబ్బులు మునుగుతయి అని. కని ఆ టైముల రేడియోకు అడ్డం లేదు. ఇండియాల రాత్రి ఎనిమిదిన్నరకు మనం టీవీల చూసే మ్యాచును, అది జరుగుతున్న దేశపోడు రేడియోల వింటుంటడు. బొమ్మ మీద హద్దు పెట్టిండ్రు గని ముచ్చటను అందరికి ఇడిసిపెట్టిండ్రు.

ఇటలీల 1960 సంది ఆ దేశపు ప్రభుత్వ రేడియో ఒకే కార్యక్రమంల అన్ని గ్రౌండ్లు తిప్పుతది. ఒక ఊర్ల గోలు పడంగనే ఆ ఊరి గొంతు మధ్యల దూరి చెప్తది. ఒక్క రేడియో ముంగట కూసుంటే లీగంత చెవుల తిరుగుతది.

అమెరికాల ఫుట్‌బాల్ అంటే చేతులతోని ఆడే వేరే ఆట. ఆడి లీగ్ పేరు ఎన్ఎఫ్ఎల్. జట్టు ఏ ఊరిదైతె ఆ ఊరి రేడియోల దాని సొంత కామెంటేటర్లు చెప్తరు. కార్ల రేడియో తిప్పితే పైసా ఖర్చు లేదు. అదే గొంతును దూరపు రాష్ట్రంల ఉండి ఫోన్ల వినాలంటే ఎన్ఎఫ్ఎల్ ప్లస్ అసోంటి యాప్‌కు చందా కట్టాలె. డాలస్ల, న్యూజెర్సీల ఉన్న మనోళ్లకు ఇది ఎరుకే. గాలిల వస్తె ఫ్రీ, నెట్టుల వస్తె పైసలు. గొంతు అదే, మ్యాచ్ అదే. మధ్యల తలుపు పెట్టింది టెక్నాలజీ కాదు, హక్కుల యాపారం.

ఇప్పుడున్న తొవ్వలు

ఉన్నంతల ఎట్ల వినొచ్చో సూద్దాం. ప్రీమియర్ లీగ్ క్లబ్బులల్ల శానా మట్టుకు సొంత సైటుల, యాప్‌ల లైవ్ ఆడియో పెడుతున్నయి. కొన్ని ఉత్తగనే, కొన్ని పేరు నమోదు చేసుకుంటె, కొన్ని చందాకు. బీబీసీ వరల్డ్ సర్వీసుల వారాంతం వచ్చే స్పోర్ట్స్‌వరల్డ్‌ల ప్రీమియర్ లీగ్ కామెంటరీ ఉంటది. బీబీసీ రేడియో 5 లైవ్ మాత్రం మ్యాచ్ టైముల దేశం బయట ఆన్‌లైన్ల బందైతది, హక్కులు ఆ దేశం వరకే కాబట్టి. మన ఆకాశవాణి స్టేషన్లు న్యూస్ ఆన్ ఎయిర్ యాప్‌ల ఒక్కకాడ దొరుకుతయి.

డేటా లెక్క సూడుండ్రి. 64 కేబీపీఎస్ ఆడియో గంటకు 29 ఎంబీ తింటది. మ్యాచ్ మొత్తం, హాఫ్‌టైముతోని రెండు గంటలనుకుంటె 60 ఎంబీ కూడ కాదు. అదే వీడియో, మామూలు నాణ్యతల ఒక ఎంబీపీఎస్ పోయినా, రెండు గంటలకు 900 ఎంబీ. రోజుకు జీబీన్నర ప్యాకు ఏసుకున్నోనికి ఒక్క మ్యాచుతోని సగం కన్న ఎక్కువ ఖతం. సిగ్నల్ ఒక్క గీతున్న కాడ వీడియో సుట్టు తిరుగుతనే ఉంటది, ఆడియో ఎట్లనో నడిసిపోతది.

ఎఫ్ఎంకు ఆ నెట్టు గూడ అక్కెరలేదు. ఇయర్‌ఫోన్ వైరే దానికి ఏంటెనా. వెయ్యి రూపాయల బటన్ల ఫోన్ల గూడ వస్తది. శానా స్మార్ట్‌ఫోన్లల్ల లోపల ఎఫ్ఎం ఉండి గూడ కంపెనీలు బందు పెడుతున్నయి. 2023ల కేంద్ర ఐటీ శాఖ అట్ల బందు పెట్టొద్దని కంపెనీలకు చెప్పింది. సలహా ఇచ్చింది గని హుకుం ఏసుడు మాత్రం మరిచింది.

ఇంకో తొవ్వ ఉన్నది, దాని జోలికి పోకుండ్రి. ఫ్రీ లైవ్ అని టెలిగ్రాంల తిరిగే లింకులు. దొంగ లింకు తెరిస్తె మ్యాచ్ కన్న ముందు బెట్టింగ్ యాప్ తెరుసుకుంటది. తెలంగాణ 2017లనే ఆన్‌లైన్ జూదాన్ని నిషేధించింది. 2025 ఆగస్టుల పైసలు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటల మీద కేంద్రం గూడ చట్టం తెచ్చింది. అయినా బెట్టింగ్ అప్పులల్ల మునిగి పానం తీసుకున్న పిల్లల వార్తలు మనం సదువుతనే ఉన్నం. సక్కని తొవ్వ మూసి పెడితె పిల్లలు అడ్డదారి పడుతరు. సర్కారు రేడియోల మ్యాచ్ వచ్చుడు, అట్ల సూస్తె, పిల్లల్ని కాపాడుకునే పని గూడ.

చట్టం మన దిక్కే ఉన్నది

1995ల బెంగాల్ క్రికెట్ సంఘం కేసుల సుప్రీంకోర్టు, గాలి తరంగాలు ప్రజల ఆస్తి అని చెప్పింది. ఆ తీర్పు ఇచ్చిన జడ్జిలల్ల మన తెలుగాయన జస్టిస్ బి.పి. జీవన్ రెడ్డి ఒకరు. 2007ల పార్లమెంటు ఇంకో చట్టం చేసింది. దేశానికి ముఖ్యమని ప్రకటించిన మ్యాచుల లైవ్ సిగ్నల్ను, హక్కులు కొన్న కంపెనీ ప్రసార భారతితోని పంచుకోవాలె. రేడియో ముచ్చట గూడ అండ్లనే ఉన్నది. టీవీ ప్రకటనల ఆమ్దానీల కంపెనీకి 75 పాళ్లు, ప్రసార భారతికి 25. రేడియోల అయితె సగం సగం. అంటే ఎవ్వని సొమ్ము ఎవ్వలు గుంజుకుంటలేరు. ఫుట్‌బాల్ ప్రపంచకప్ పెద్ద మ్యాచులు ఆ జాబితల ఉన్నయి.

ప్రైవేట్ ఎఫ్ఎంల సంగతి వేరే. 2011 మూడో దశ విధానంల వాటికి ఆటల లైవ్ ఇచ్చే ఈలు లేదు. అయితె స్థానిక ఆటల కామెంటరీకి మాత్రం సందు ఇడిసిండ్రు. ఆ సందుల నుంచి ఒక్క ఊరి టోర్నీ అన్న బయటికి వచ్చిందా? సినిమా పాటలు, ప్రకటనలు, మళ్ల సినిమా పాటలు.

మరి తెలుగేది?

2022 ప్రపంచకప్‌ను జియోసినిమా ఉత్తగ చూపెట్టింది. ఇంగ్లీషు, హిందీ, మలయాళం, తమిళం, బెంగాలీ.. ఐదు భాషలల్ల కామెంటరీ. అండ్ల తెలుగు లేదు. తెలుగోళ్లు ఫుట్‌బాల్ చూడరు అంటరు. మా భాషల ఎన్నడు చెప్పిండ్రు గనుక అలవాటైతది? బెంగాల్ల అజయ్ బసు, పుష్పేన్ సర్కార్ అసోంటోళ్లు రేడియోల బెంగాలీల చెప్పి చెప్పి ఊరూరికి ఆటను మోసుకపోయిండ్రు. క్రికెట్‌కు తెలుగు గొంతు పెట్టంగనే మన ముసలోళ్లు గూడ యార్కర్, వైడ్ అని మాట్లాడుతున్నరు. ముందు గొంతు రావాలె, ఎనుక జనం వస్తరు.

ఈ ఆట మనది కాదా? 1962 జకార్తా ఆసియా క్రీడలల్ల దక్షిణ కొరియాను 2–1తోని కొట్టి బంగారం తెచ్చిన జట్టుకు కోచ్ హైదరాబాద్ రహీం సాబ్. హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 దాక వరుసగ ఐదేండ్లు రోవర్స్ కప్ కొట్టింది. ఇయ్యాల నిజామాబాద్ బిడ్డ గుగులోతు సౌమ్య దేశం జెర్సీ ఏసుకొని ఆడుతున్నది, క్రొయేషియాల డైనమో జాగ్రెబ్‌కు గూడ ఆడొచ్చింది. 2024 డిసెంబర్ 31న గచ్చిబౌలిలనే సంతోష్ ట్రోఫీ ఫైనల్ అయ్యింది, బెంగాల్ కేరళను 1–0తోని ఓడగొట్టింది. మీ ఊర్ల ఎంతమందికి ఎరుక?

హైదరాబాద్ ఎఫ్‌సీ 2021–22ల ఐఎస్ఎల్ కప్పు కొట్టింది. 2025ల ఆ క్లబ్బునే ఢిల్లీకి తీసుకపోయిండ్రు. ఒక్క ధర్నా కాలే, ఒక్క నాయకుడు మాట్లాడలే. జనం చెవుల పడని జట్టు ఊరు ఇడిసిపోతె అడిగేటోడు ఎవడుంటడు? అదే ఏడు ఐఎస్ఎల్ హక్కుల టెండర్‌కు ఒక్క బిడ్డు రాలే. టీవీ పైసలనే నమ్ముకున్న ఆట, ఆ పైసలు ఎనుకకు తీస్తె గిట్లనే కూలవడుతది. జనం మీద నిలబడాలంటే ముందు జనానికి వినబడాలె.

ఏం అడగాలె? ఏం చెయ్యాలె?

హైదరాబాద్, విజయవాడ ఆకాశవాణి కేంద్రాలు ప్రపంచకప్, సంతోష్ ట్రోఫీ, మన ఆడపిల్లల జాతీయ జట్టు మ్యాచులు తెలుగుల లైవ్ చెప్పాలె. అన్ని వద్దు, సెమీఫైనళ్లు, ఫైనల్, ఇండియా మ్యాచులతోని మొదలువెట్టుండ్రి. ఇద్దరు మనుషులు, ఒక మైకు, ఒక టీవీ తెర ఉంటె స్టూడియోల కూసొని చెప్పొచ్చు. ఈ మాట మీ ఎంపీకి రాయుండ్రి. ప్రసార భారతికి సమాచార హక్కు కింద దరఖాస్తు పెట్టుండ్రి: పోయిన ఐదేండ్లల్ల తెలుగుల ఎన్ని ఫుట్‌బాల్ మ్యాచులు చెప్పిండ్రు అని. పది రూపాయల ఖర్చు. వచ్చిన జవాబును గ్రూపులల్ల ఏసుండ్రి.

జహీరాబాద్ కాడ మాచనూర్ల దళిత ఆడోళ్లు 2008 సంది సంఘం రేడియో నడిపిస్తున్నరు. పొలం ముచ్చట, ఇత్తనం ముచ్చట వాళ్ల యాసల వాళ్లే చెప్తరు. మా యాసల రేడియో నడవదు అనేటోళ్లకు అదే జవాబు.

ఎవలో వచ్చి నేర్పుతరని సూడకుండ్రి. మీ మండలంల సంక్రాంతికో, దసరాకో టోర్నీ అయితది. దాని హక్కులు ఏ కంపెనీ కొనలే. ఒక ఫోను పట్టుకొని గీత పొంటి నిలబడి చెప్పుండ్రి: "ఎడమ దిక్కు బాల్.. ఒకన్ని తప్పిచ్చిండు.. చెరువు కట్ట దిక్కున్న గోలు మీదికి పోతున్నడు.. తన్నిండు.. కీపర్ చేతులకెల్లి జారింది.. గోల్!" ఆడియో లైవ్ పెడితె దుబాయిల ఉన్న మీ అన్న గూడ వింటడు. ఒగ్గుకథల ఒక్కడే నిలబడి యుద్ధమంత కండ్లకు కట్టే గడ్డ ఇది. ఇసోంటి కాడ కామెంటేటర్లు దొరకరని ఎవడన్న అంటె నమ్మకుండ్రి. గొంతులు ఉన్నయి. మైకు ఎవని చేతుల ఉన్నదో గట్టిగ అడుగుండ్రి.