పూడిమడకలో చుక్కల నడక



క్రిస్మస్ వెళ్ళిపోయాక మనందరి ఇళ్ళలో జరిగే పని ఒకటుంది. వెదురుకర్రకు కట్టి ఇంటి మీద నిలబెట్టిన నక్షత్రాన్ని కిందికి దించుతాం. మా కశింకోటలో జనవరి మొదటి వారం దాటిందంటే ఒక్కొక్కటే దిగిపోతాయి. ఈసారి మా ఇంటి నక్షత్రం దించుతుంటే, కింద కర్ర పట్టుకున్న మా మనుమరాలు "తాతయ్యా, జ్ఞానులు చుక్కను ఎటువైపు చూశారు?" అని అడిగింది. "తూర్పుదిక్కున అని మత్తయి సువార్తలో ఉంది గదా" అన్నాను. "మరి ఇప్పుడు తూర్పున ఉన్నవాటి పేర్లేమిటి?" అంది. ముప్ఫై రెండేళ్ళు బడిపంతులుగా చేసినవాణ్ణి, కర్ర గోడకు ఆనించి ఊరకుండిపోయాను.

పేర్లు నాకు బొత్తిగా తెలియక కాదు. చిన్నప్పుడు వేసవి రాత్రులు ఆరుబయట మంచం మీద పడుకోబెట్టి మా అమ్మమ్మ కొన్ని చూపించింది. ఒకనాడు నేను మా నాన్నగారి ఎదుట "అదిగో కృత్తిక" అన్నాను. ఆయన గట్టిగా కసిరారు. "ఆ పేర్లు జాతకాలవాళ్ళవి, మన ఇంట్లో వద్దు" అన్నారు. నాన్నగారిని తప్పుపట్టను. ముహూర్తం, రాహుకాలం, గ్రహపీడ అంటూ భయంతో పెరిగిన మనిషి ఆయన. విశ్వాసంలోకి వచ్చినప్పుడు పంచాంగాన్ని ఇంట్లోంచి తీసేశారు, దానితోపాటు ఆ భయమూ పోయింది. యెషయా గ్రంథములో జ్యోతిష్కులను గూర్చిన మాటలు ఆయనకు కంఠస్థం. అయితే పంచాంగంతోపాటు నక్షత్రాల పేర్లు కూడా గడప దాటిపోయాయి. మన పల్లెల్లో అనేక కుటుంబాలలో ఇలాగే జరిగిందని నా అనుమానం. మీ ఇంట్లో సంగతి మీకే తెలియాలి.

యోబు గ్రంథము 38వ అధ్యాయము తెరిచి చూడండి. కృత్తిక, మృగశిర అని పేర్లు పెట్టి మరీ ఉన్నాయి. ఎన్ని సంవత్సరాలు చదివానో ఆ అధ్యాయం! ఒక్కనాడూ వాకిట్లోకి వచ్చి తల పైకెత్తలేదు.

అందుచేత సండే స్కూలు పిల్లలు తొమ్మిదిమందిని, పెద్దలం నలుగురం కలిసి, 2026 జనవరి 17వ తేదీ శనివారం సాయంత్రం పూడిమడక తీసుకువెళ్ళాం. సంక్రాంతి సెలవులు, పైగా మరునాడే అమావాస్య. ఆకాశం చూడడానికి అంతకంటె మంచి రాత్రి దొరకదు. అనకాపల్లి మీదుగా అచ్యుతాపురం, అక్కడినుంచి సముద్రపు ఒడ్డు. మాకు దారి చూపించినవాడు మా సంఘ సహోదరి ఒకామె పెదనాన్న. డెబ్బయి దాటిన మత్స్యకారుడు. చదువు రాదు. పదేళ్ళవాడుగా ఉన్నప్పటినుంచి వేటకు వెళ్ళాడు, మోకాళ్ళు పట్టేశాక మానేశాడు. ఊరి మధ్య నుంచి మొదలుపెట్టి వీధులగుండా, వలలు ఆరవేసే చోటు మీదుగా, పడవలు నిలిపే ఇసుక దాకా మమ్మల్ని నడిపించాడు. మొత్తం కిలోమీటరు కూడా ఉండదు. నడవడానికి మాత్రం రెండు గంటలు పట్టింది.

ముందు ఆఖరి వీధిదీపం దాటి ఆగాం. వెలుతురులోనుంచి వచ్చిన కంటికి చీకటి అలవాటు కావాలంటే ఇరవై నిమిషాలైనా పడుతుంది. ఈలోగా ఎవరైనా సెల్‌ఫోను వెలిగిస్తే మళ్ళీ మొదటికి వస్తుంది. అందుకని ఫోన్లన్నీ ఒక సంచిలో వేయించి, మా టార్చిలైటు ముఖానికి ఎర్ర జెలటిన్ కాగితం కట్టాం. ఎర్రని వెలుతురైతే కంటిని అంతగా చెరపదు. ఆ కాగితం ఎక్కడిదంటారా? క్రిస్మస్ నక్షత్రానికి తెచ్చినదాంట్లో మిగిలిన ముక్క.

ఆ ఇరవై నిమిషాలూ పిల్లలను ఊరకుండబెట్టడం నావంతు. విశాఖపట్నం సంగతి చెప్పాను. అక్కడి ఏ.వి.ఎన్. కాలేజీ మీకు తెలిసిందే. ఆ పేరు అంకితం వెంకట నరసింగరావుగారిది. ఆయన మామగారు గోడే వెంకట జగ్గారావుగారు జమీందారీ కుటుంబంలో పుట్టినా, మద్రాసు వెళ్ళి అక్కడి నక్షత్రశాల అధికారి టేలర్ దొరవద్ద ఖగోళశాస్త్రం నేర్చుకుని, 1840 ప్రాంతంలో విశాఖపట్నంలో సొంత ఖర్చుతో నక్షత్రశాల కట్టించారు. ఓడలవాళ్ళు గడియారాలు సరిచూసుకునేందుకు డాల్ఫిన్స్ నోస్ కొండమీద జెండా కొయ్య నిలబెట్టించినది కూడా ఆయనే. 1856లో ఆయన పోయాక అల్లుడు నరసింగరావుగారు ఆ పని చేతపట్టారు. 1874 డిసెంబరు 9న శుక్రగ్రహం సూర్యబింబం మీదుగా నల్లని చుక్కలా దాటిపోతుంటే దుర్బిణితో చూసి, ఆ లెక్కలు లండను పండితులకు పంపారు. మన వేగుచుక్కే ఆ శుక్రుడు! ఇటీవల 2004లోను, 2012లోను అలా దాటింది. మళ్ళీ 2117 దాకా లేదు. ఆ కాలేజీలోనే సర్ సి.వి. రామన్ తండ్రిగారు పాఠాలు చెప్పారు, రామన్‌గారు అక్కడే చదివారు. నక్షత్రాలు ముసలివై ఎలా కూలిపోతాయో లెక్కగట్టి 1983లో నోబెల్ బహుమానం పొందిన చంద్రశేఖర్‌గారు ఆ ఉపాధ్యాయునికి మనుమడే. ఇంతవరకు చెప్పేసరికి మా పిల్లల్లో చిన్నవాడు "మాష్టారూ, చుక్కలు ఎక్కువైపోయాయి!" అని కేకపెట్టాడు. చుక్కలు ఎక్కువ కాలేదు, వాడి కళ్ళు తెరచుకున్నాయి.

వలలు ఆరవేసేచోట ముసలాయన చెయ్యి నిట్టనిలువుగా పైకెత్తాడు. "అదిగో పిల్లలకోడి." నడినెత్తిన చిన్న గుంపు. కోడి, దాని చుట్టూ పిల్లలు. అదే కృత్తిక. లెక్కపెట్టమంటే అందరూ ఆరు అన్నారు, ఒక పిల్ల మాత్రం ఎనిమిది అంది. మంచి చూపున్నవారికి అంతకంటె ఎక్కువే కనిపిస్తాయి. దుర్బిణి పెడితే పదులకొద్దీ. ఆ గుంపునుంచి బయలుదేరిన వెలుగు మన కంటికి చేరడానికి సుమారు నాలుగువందల నలభై ఏళ్ళు పడుతుంది. హైదరాబాదులో చార్మినారు కట్టే రోజుల్లో బయలుదేరిన వెలుగును ఆ రాత్రి మేము వలల పక్కన నిలబడి చూశామన్నమాట.

తూర్పున ఒక్కటి మాత్రం అన్నింటినీ మించి వెలిగిపోతోంది. పిల్లలు "వేగుచుక్క!" అన్నారు. ముసలాయన నవ్వాడు. "రాత్రేల ఏగుసుక్క ఏటర్రా, అది గురుడు" అన్నాడు. నిజమే, ఆ నెలలో శుక్రుడు సూర్యుని చాటుకు వెళ్ళి ఉన్నాడు. గురుగ్రహం భూమికి దగ్గరగా వచ్చి రాత్రంతా వెలిగింది. చేతి దుర్బిణిని పడవ అంచుమీద కదలకుండా ఆనించి చూస్తే దాని పక్కన సన్నని చుక్కలు కనిపించాయి. అవి గురునికి చంద్రులు. 1610 జనవరిలో గెలిలియో మొదటిసారి చూసినవి అవే. అక్కడ పిల్లల మధ్య చిన్న కొట్లాట జరిగింది, దుర్బిణి ఒక్కటే గదా.

ఇక గొల్లకావడి. ఒక్కో ప్రాంతంలో ఒక్కో చుక్కల గుంపును ఇలా పిలుస్తారు. ఆయన చూపించినవి మాత్రం వేటగాని నడికట్టులా వరుసగా ఉన్న మూడు చుక్కలు. మన బైబిలులో మృగశిర అన్నది ఈ గుంపునే. "ఇది పొడిసిన కాడ తూరుపు, ములిగిన కాడ పడమర" అన్నాడాయన. పుస్తకం చూస్తే అంతే ఉంది. ఆ మూడు చుక్కలు ఆకాశపు నడిరేఖమీద ఉన్నాయి గనుక ఏ ఊరినుంచి చూసినా దాదాపు సరిగ్గా తూర్పున పుట్టి, సరిగ్గా పడమట అస్తమిస్తాయి. చదువురాని ఆయనకు ఈ సంగతి ఎవరు చెప్పారు? వాళ్ళ నాన్న. ఆయనకు? ఆయన నాన్న. ఆయన కొడుకులకు మాత్రం రాదు. "ఫోన్లో మేపు ఉన్నాది, జీపీయస్ ఉన్నాది, నీ సుక్కలెందుకు అంటారు" అన్నాడు. కోపంగా కాదు, మామూలుగా.

పడవల దగ్గర కూర్చోబెట్టి ఒక రాత్రి సంగతి చెప్పాడు. పదేళ్ళ కిందటి మాట. ఇంజను బోటు, ముగ్గురు కుర్రాళ్ళు, తాను. చీకటి పడ్డాక ఇంజను ఆగిపోయింది. ఎంత లాగినా అందుకోలేదు. ఫోన్లలో ఛార్జింగు అయిపోయింది. నీటి ఒరవడికి ఎటు కొట్టుకుపోయారో తెలియలేదు. ఒడ్డువైపు మంచుమబ్బు కమ్మింది, దీపాలు కనబడవు. దూరంగా ఒక దీపం చూసి కుర్రాళ్ళు "అదే మనూరు" అని తెడ్లు అందుకున్నారు. అది లంగరు వేసిన ఓడ దీపం. అటే పోయివుంటే తెల్లారేసరికి ఇంకా లోపలికి పోయేవారు. "నాను ఒప్పుకోలేదు. పడమరకి గొల్లకావడి దిగతంది, ఉత్తరాన కదలని సుక్క ఉంది. మన గట్టు ఆ రెంటికీ మజ్జన ఉంటాది అన్నాను." అప్పటికి ఆయన మాటను వాళ్ళు నమ్మలేదట. పెద్దాయన కాబట్టి ఎదురు చెప్పలేకపోయారు, అంతే. టార్పాలిను పట్టా తెరచాపగా కట్టి, తెడ్లు వేసి, పొద్దెక్కేసరికి కొండ గురుతు పట్టుకున్నారు. ఆ ముగ్గురిలో ఒకడు ఆయన చిన్నకొడుకు.

పటం తీసి చూడండి. మన తీరం నైరుతినుంచి ఈశాన్యానికి ఏటవాలుగా ఉంటుంది, సముద్రం పూడిమడకకు ఆగ్నేయాన ఉంది. లోపలికి పోయినవాడు ఇంటికి రావాలంటే వాయవ్యానికి తిరగాలి. ఉత్తరానికి, పడమరకు నడుమ అన్నమాట. ముసలాయన లెక్క రవ్వంత కూడా తప్పలేదు.

"ఆ కదలని చుక్క చూపించు తాతా" అన్నారు పిల్లలు. అందరం ఊరివైపు తిరిగాం. అచ్యుతాపురం కంపెనీల దీపాల వెలుగు ఆకాశం అంచున పాలిపోయిన తెల్లదనంలా పరుచుకుని ఉంది. ధ్రువుడు ఎంతో పెద్ద చుక్క అనుకుంటాం గాని నిజానికి మధ్యరకం. ఆ వెలుగులో ఎంతసేపు వెదికినా దొరకలేదు. చెయ్యి చాచి పిడికిలి బిగించి, నేల అంచునుంచి రెండు పిడికిళ్ళు పేర్చమన్నాను. దానికంటె ఓ వేలు కిందుగా చూడమంటే ఎనిమిదని లెక్కపెట్టిన పిల్లకే ముందు చిక్కింది. చాచిన పిడికిలి ఇంచుమించు పది డిగ్రీలు. మన ప్రాంతం భూమధ్యరేఖకు పదిహేడున్నర డిగ్రీల ఉత్తరాన ఉంది కనుక ధ్రువుడు కూడా అంతే ఎత్తున ఉంటాడు. లండనులో అయితే అయిదు పిడికిళ్ళు.

నేను ఆ కంపెనీ దీపాలను గురించి నాలుగు మాటలు విసుక్కున్నాను. ముసలాయన అడ్డు తగిలాడు. "అలగనకండి మేష్టారూ. మా మనవడు అందులోనే పన్జేస్తన్నాడు. ఆ ఎలుగు దూరంకెల్లినా కనబడతాది, మా కుర్రోళ్ళకి అదే గుర్తు." నా దగ్గర జవాబు లేదు. మంచుమబ్బు కమ్మిన రాత్రి ఏ గుర్తు అని అడగబోయి ఊరకున్నాను. ఆ సంగతి నాకు చెప్పిందే ఆయన గదా.

మీ సంఘంలో ఇలాంటి నడక పెట్టుకోవాలనుకునేవారికి రెండు మాటలు. సముద్రమే ఉండనక్కరలేదు, ఊరి చివర కళ్ళం చాలు. డిసెంబరునుంచి ఫిబ్రవరి దాకా అమావాస్యకు అటూ ఇటూ ఒక వారం మంచిది. వానాకాలం వద్దు. దుర్బిణి లేకపోయినా ఫరవాలేదు. సముద్రపు ఒడ్డయితే మాత్రం పిల్లలను చీకట్లో నీళ్ళలోకి దిగనివ్వకండి, ఆ పని చూసుకోవడానికే ఇద్దరు పెద్దలు ఉండాలి. అన్నిటికంటె ముఖ్యం, ఊళ్ళో చుక్కలు ఎరిగిన పెద్దవారు ఎవరున్నారో కనుక్కోండి. పశువుల కాపరులు, రాత్రివేళ నీరు కట్టిన రైతులు, నాటుబండి తోలినవారు. అడగడం ఆలస్యం చేయకండి. మా ఊళ్ళో అలాంటి ఒకాయనను ఈ ఫిబ్రవరిలో అడుగుదామనుకున్నాను. జనవరి ఆఖరులోనే ప్రభువునందు నిద్రించారు.

ఆ రాత్రి అక్కడే పడుకుని, ఆదివారం తెల్లవారుజామున నాలుగున్నరకు పిల్లలను లేపాం. ముగ్గురు లేవలేదు. లేచినవాళ్ళు మళ్ళీ ఒడ్డుకు నడిచారు. గొల్లకావడి అస్తమించింది. ఉత్తరాన మంచంకోళ్ళు, అదే సప్తఋషులు, ఎత్తుగా నిలబడి ఉన్నారు. వాటిలో ముందున్న రెండు చుక్కలను కలిపి కిందికి గీత గీస్తే నేరుగా ధ్రువుని దగ్గరకే వెళ్ళింది. అదే వేళకు దక్షిణాన, నీటి అంచుకు కాస్త పైన, నాలుగు చుక్కలు సిలువలా కనిపించాయి. పుస్తకాలలో దాన్ని త్రిశంకు అంటారు, దక్షిణపు సిలువ అని కూడా అంటారు. లండనులో ఉన్నవారికి అది ఎన్నడూ కనబడదు. మనకు కూడా ఏడాదిలో కొన్ని నెలలే. మా మనుమరాలు తూర్పుకు తిరిగి, ఎడమచెయ్యి ధ్రువునివైపు, కుడిచెయ్యి ఆ సిలువవైపు చాచి, చలికి వణుకుతూ నిలబడింది.

ముసలాయన చుట్ట వెలిగించుకుని నా పక్కన కూర్చున్నాడు. "మీ పుస్తకంలో పిల్లలకోడి ఉన్నాదన్నారు గదా, ఏదీ సదవండి" అన్నాడు. ఎర్ర కాగితం కట్టిన టార్చిలైటు వెలుతురులో యోబు 38వ అధ్యాయం చదివాను. కృత్తిక అన్నచోట ఆపి, ఇదే మీ పిల్లలకోడి అని చెప్పాను. మళ్ళీ చదవమన్నాడు. చదివాను. కాసేపు సముద్రంవైపు చూసి, "మా సిన్నోణ్ణి కూడా పిలిసి ఇనిపించాలి ఇది. నా మాటైతే ఆడు ఇనడు" అని, మోకాళ్ళు పట్టుకుని లేచి ఇంటివైపు వెళ్ళాడు.