అంబేడ్కర్ వాదించి ఓడిన కేసు

1934లో బొంబాయి కోర్టులో డాక్టర్ అంబేడ్కర్ ఒక కేసు వాదించి ఓడిపోయారు. ఆయన జీవితం గురించి మనం చెప్పుకునే కథల్లో ఈ కేసు పెద్దగా వినపడదు. ముద్దాయి రఘునాథ్ ధోండో కర్వే. 1927 నుంచి ‘సమాజ స్వాస్థ్య’ అనే మరాఠీ పత్రిక నడుపుతూ కుటుంబ నియంత్రణ గురించీ, శరీరం గురించీ దాపరికం లేకుండా రాసిన మనిషి. పాఠకులు ఉత్తరాల్లో అడిగే ప్రశ్నలకు పత్రికలోనే జవాబులిచ్చేవాడు. అశ్లీలమంటూ కేసు పడింది అలాంటి జవాబుల మీదే. వాటిలో హస్తప్రయోగం గురించీ, స్వలింగ సంపర్కం గురించీ ఉన్నాయి.

లైంగిక విషయాలు రాసినంత మాత్రాన అశ్లీలమైపోదని అంబేడ్కర్ వాదించారు. జనం అడిగినప్పుడు జ్ఞానం పంచడం నేరమెలా అవుతుందన్నారు. స్వలింగ ఆకర్షణ కొందరిలో సహజంగానే ఉంటుందని చెప్పడానికి హావ్‌లాక్ ఎల్లిస్ పరిశోధనను ముందు పెట్టారు. కోర్టు ఒప్పుకోలేదు. కర్వేకి రెండు వందల రూపాయల జరిమానా పడింది.

ఆ సంవత్సరాలు గుర్తుకు తెచ్చుకోండి. మహద్ పోరాటం అయిపోయింది, రౌండ్ టేబుల్ సమావేశాలు అయిపోయాయి, పూనా ఒడంబడిక గాయం ఇంకా పచ్చిగానే ఉంది. కర్వే పుట్టుకతో చిత్పావన బ్రాహ్మణుడు. ఈ కేసు వల్ల అంబేడ్కర్‌కి ఒరిగేదేమీ లేదు, పైగా సనాతనుల చేతికి ఇంకో రాయి అందించినట్టే. అయినా తీసుకున్నారు. ఎవరి శరీరం మీద ఎవరి పెత్తనం అన్న ప్రశ్న కుల ప్రశ్నకు బయటిది కాదని ఆయనకు తెలుసు. 1916లోనే కులాంతర వివాహ నిషేధమే కులానికి మూలమని రాసిన మనిషి కదా.

ఇప్పుడీ సంగతి ఎందుకంటే, స్వలింగ ప్రేమ మాట వచ్చినప్పుడల్లా మన సభల్లో, హాస్టల్ చర్చల్లో ఒక విసుగు వినపడుతుంది. ఇంగ్లిష్ చదువుల పెద్ద కులాల పిల్లల గొడవ, మనకెందుకు అని. ఆ విసుగులో కొంత నిజం లేకపోలేదు. 2018 సెప్టెంబర్ 6న సుప్రీంకోర్టు 377 సెక్షన్‌ను కుదించిన కేసులో మొదటి పిటిషనర్ల వరుస చూడండి: నర్తకుడు, పాత్రికేయుడు, హోటళ్ల యజమాని, పేరున్న వంటల నిపుణురాలు. టీవీల్లో కనపడినవీ ఆ ముఖాలే. కానీ కేసు వేయగలిగిన వాళ్లు వేరు, ఆ చట్టాల కింద నలిగిన వాళ్లు వేరు. ఇరవయ్యో శతాబ్దపు చరిత్రను పోలీసు రిజిస్టర్ వైపు నుంచి చదివితే కనపడేది వేరే జనం.

1871 నాటి నేరస్థ జాతుల చట్టం మన పాఠకులకు కొత్త కాదు. ఎరుకల వాళ్లను పుట్టుకతోనే దొంగలని ముద్ర వేసి స్టువర్టుపురం, కప్పరాళ్లతిప్ప సెటిల్‌మెంట్లలో కుక్కిన చరిత్ర ఆ చట్టం కొనసాగింపుగా వచ్చిందే. అయితే ఆ చట్టానికి రెండో భాగం ఒకటి ఉందని మనం ఎక్కువగా చెప్పుకోం. అది హిజ్రాల గురించి. జాతుల పేర్లు రాసుకున్నట్టే వీళ్ల పేర్లూ ఆస్తులూ రాసుకోవడం, ఆడబట్టల్లో వీధిలో కనపడితే పట్టుకోవడం. చేసిన పనికి కాక, ఉన్న తీరుకే శిక్ష. రెండు భాగాలకూ ఆలోచన ఒకటే.

నైజాం ప్రభుత్వం దాన్ని చూసి 1919లో, అంటే 1329 ఫస్లీలో, హైదరాబాద్ రాజ్యానికి సొంత చట్టం చేసుకుంది. పిల్లల్ని ఎత్తుకుపోతారనో, 377 కిందికి వచ్చే ‘అసహజ నేరాలు’ చేస్తారనో అనుమానం ఉన్న హిజ్రాలకు రిజిస్టర్. అనుమానం చాలు, రుజువు అక్కర్లేదు. ఆడబట్టలు కట్టి, నగలు పెట్టి బహిరంగంగా కనపడితే, ఆడితే పాడితే వారెంటు లేకుండా అరెస్టు, రెండేళ్ల దాకా జైలు. పదహారేళ్లలోపు మగపిల్లవాడు ఇంట్లో ఉన్నా నేరమే. తలుపులు వేసుకోగల దేవిడీల్లో, బంగళాల్లో మగవాళ్ల మధ్య ఏం జరిగిందో ఏ రిజిస్టర్‌కీ ఎక్కలేదు. బతుకంతా వీధిలోనే గడిచే వాళ్లది ఎక్కింది.

నేరస్థ జాతుల చట్టం 1952లో రద్దయింది. ఆగస్టు 31ని విముక్త దినంగా జరుపుకుంటున్నాం. హైదరాబాద్ చట్టం మాత్రం నైజాం పోయినా, ఆంధ్రప్రదేశ్ ఏర్పడినా, తెలంగాణ వచ్చినా పేరు మార్చుకుంటూ పుస్తకంలోనే ఉండిపోయింది. ట్రాన్స్ కార్యకర్తలు కోర్టుకెక్కితే, 2023 జులైలో తెలంగాణ హైకోర్టు రాజ్యాంగ విరుద్ధమని కొట్టేసింది, ఆసరా పింఛను ట్రాన్స్ వ్యక్తులకూ ఇవ్వాలంది. విముక్త దినానికీ ఆ తీర్పుకీ మధ్య డెబ్భై ఏళ్లు. మన ఉద్యమాలన్నీ ఈ డెబ్భై ఏళ్లలోనే నడిచాయి. దీని మీద మాత్రం ఎవరమూ పెద్దగా మాట్లాడలేదు.

377కి వ్యతిరేకంగా కోర్టుకెళ్లిన తొలి పిటిషన్ కూడా జైలు నుంచి పుట్టిందే. తీహార్‌లో ఖైదీలకు కండోములు ఇవ్వనన్నారు. ఇస్తే నేరాన్ని ఒప్పుకున్నట్టవుతుందని వాదన. 1994లో ఎయిడ్స్ భేద్‌భావ్ విరోధీ ఆందోళన్ ఢిల్లీ హైకోర్టుకెళ్లింది. మన జైళ్లు ఏ కులాల వాళ్లతో నిండి ఉంటాయో ఇక్కడ విడమరచి చెప్పక్కర్లేదు.

2023 అక్టోబర్ 17న సుప్రీంకోర్టు స్వలింగ వివాహ హక్కును నిరాకరించాక చర్చంతా పెళ్లి చుట్టూ తిరుగుతోంది. పెళ్లి అక్కర్లేదని మేము అనం. కులాంతర పెళ్లి చేసుకున్న ప్రణయ్‌ని మిర్యాలగూడలో ఎలా నరికేశారో చూసినవాళ్లం. ఎవరిని ప్రేమించాలో కుటుంబం కాక మనిషే తేల్చుకోవడం చిన్న విషయం కాదని తెలుసు. (ఆ హత్య 377 తీర్పు వచ్చిన ఎనిమిదో రోజున జరిగింది.) కానీ పెళ్లి దాకా రావాలంటే ముందు అద్దెకు గది, చేతికి ఉద్యోగం ఉండాలి. దళిత ట్రాన్స్ వ్యక్తి దగ్గర ఈ లెక్క ఇంకా చిక్కుపడుతుంది.

2014 నాల్సా తీర్పు ట్రాన్స్ వ్యక్తుల్ని సామాజికంగా, విద్యాపరంగా వెనుకబడిన వర్గంగా చూడమంది. తమిళనాడు 2015లో వాళ్లను ఎంబీసీ జాబితాలో చేర్చింది. వినడానికి బాగానే ఉంది. కానీ ఎస్సీ ట్రాన్స్ మహిళ ఏ వరుసలో నిలబడాలి? ఎంబీసీ అంటే ఎస్సీ హక్కు వదులుకోవాలి. ఎస్సీ అంటే ట్రాన్స్‌గా దక్కేది లేదు. దళిత ట్రాన్స్ నాయకురాలు గ్రేస్ బాను ఏళ్ల తరబడి అడుగుతున్నది హారిజాంటల్ రిజర్వేషన్: మహిళలకూ వికలాంగులకూ ఉన్నట్టు ఎస్సీ, ఎస్టీ, బీసీ, ఓసీ ప్రతి కేటగిరీ లోపలా వాటా. గ్రూప్స్‌కి చదివే వాళ్లకు ఇది విడమరచి చెప్పనక్కర్లేదు. 2021లో కర్ణాటక ప్రభుత్వోద్యోగాల్లో ఒక శాతం ఈ పద్ధతిలోనే ఇచ్చింది. మన రెండు రాష్ట్రాల్లో ఈ డిమాండ్‌ను ట్రాన్స్ సంఘాల మీదికి నెట్టి ఊరుకోకుండా దళిత విద్యార్థి సంఘాలే ముందు పెట్టాలని మా అభిప్రాయం. వెనుకబడిన వర్గం పేరుతో ఒకే గంపలో వేస్తే తెగిపోయేది ఎస్సీ, ఎస్టీ ట్రాన్స్ వ్యక్తుల హక్కే.