చుండూరు నుంచి హైకోర్టుకు ఎంత దూరం?

హైకోర్టు ఎక్కడ ఉండాలనే ప్రశ్న తెలుగునాట ఎన్నడూ చల్లారలేదు. రాజధాని, హైకోర్టులలో ఒకదాన్ని కోరుకునే హక్కు రాయలసీమదని 1937 నాటి శ్రీబాగ్ ఒడంబడిక చెప్పింది. ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు రాజధాని కర్నూలుకు వెళ్లగా, 1954 జులై 5న గుంటూరులో హైకోర్టు మొదలైంది. కోకా సుబ్బారావు తొలి ప్రధాన న్యాయమూర్తి. రెండేళ్లు తిరగ్గానే, 1956లో, అది హైదరాబాద్‌లో మూసీ ఒడ్డున నిజాం కట్టించిన భవనానికి తరలింది. 2019 జనవరి 1న రెండు రాష్ట్రాలకు రెండు హైకోర్టులు వచ్చాయి, ఆంధ్రప్రదేశ్ హైకోర్టు మళ్లీ గుంటూరు సీమకే, అమరావతికి చేరింది. కర్నూలులో ధర్మాసనం కావాలన్న డిమాండు ఇప్పటికీ సజీవంగా ఉంది. ఈ సుదీర్ఘ చర్చలో ప్రాంతాలున్నాయి, న్యాయవాదుల సంఘాలున్నాయి, పార్టీలున్నాయి. సాక్షి మాత్రం లేడు. దళిత సాక్షి అసలే లేడు.

న్యాయస్థానం ఎక్కడుండాలన్న ప్రశ్నను కులం ప్రశ్నగా మార్చినవాళ్లు చుండూరు దళితులు. 1991 ఆగస్టు 6న ఆ ఊళ్లో ఎనిమిది మంది దళితులను వెంటాడి చంపారు. శవాలను గోనెసంచుల్లో కుక్కి కాలువలో పడేశారు. మృతులను ఊరి నడిబొడ్డున ఖననం చేసి ఆ చోటుకు రక్తక్షేత్రమని పేరు పెట్టుకున్న బాధితులు, విచారణ కూడా తమ ఊళ్లోనే జరగాలని పట్టుబట్టారు. 1989 నాటి అత్యాచారాల నిరోధక చట్టం కింద ప్రత్యేక న్యాయస్థానం చుండూరుకే వచ్చింది. అడిగినవాళ్లకు ఆ కోరిక అర్థం బాగా తెలుసు. కూలి పోగొట్టుకోకుండా, బస్సు ఛార్జీలకు అప్పు చేయకుండా, దారిలో ఎవరు ఎదురొస్తారోనన్న భయం లేకుండా తన వాడలోంచి నడిచి వచ్చి బోనెక్కే సాక్షి వేరు, తెలియని పట్నంలో వాయిదా కోసం చెట్టు కింద కూర్చునే సాక్షి వేరు. 2007 జులై 31న ఆ న్యాయస్థానం 21 మందికి యావజ్జీవ శిక్ష, 35 మందికి ఏడాది శిక్ష విధించింది. 123 మందిని విడిచిపెట్టింది కూడా. ఆవేశంతో అందరినీ ఒకే గాటకట్టిన తీర్పు కాదది.

2014 ఏప్రిల్ 22న, శిక్ష పడినవారందరినీ హైకోర్టు నిర్దోషులుగా ప్రకటించింది. మరణాలు సంభవించిన సమయం, స్థలం, దాడి చేసినవారి గుర్తింపు సందేహాతీతంగా రుజువు కాలేదన్నది ప్రధాన కారణం. ప్రాణభయంతో పొలాలకు అడ్డంపడి పరుగెత్తే మనిషి గడియారం చూసుకోడు. ఈ సంగతి చుండూరులో కూర్చున్న న్యాయమూర్తికి ఆ పొలాలే చెప్పి ఉంటాయి.

నా మాటను అపార్థం చేసుకోవద్దు. సందేహ ఫలం నిందితుడికే దక్కాలన్న సూత్రాన్ని నేను తక్కువ చేయడం లేదు. తప్పుడు కేసుల్లో ఇరుక్కునే దళితులకూ ఆదివాసులకూ అందరికంటే ఎక్కువ అవసరమైన సూత్రమది. నా అభ్యంతరం అప్పీలు పనిచేసే పద్ధతి మీద.

న్యాయశాస్త్ర విద్యార్థిగా నేను మొదటిసారి ఒక క్రిమినల్ అప్పీలు పేపర్ బుక్కు తిరగేసినప్పుడు అందులో మనుషులు కనిపించలేదు. పి.డబ్ల్యు.1, పి.డబ్ల్యు.2 అన్న అంకెలే కనిపించాయి. మాదిగ వాడకు చెందిన ఒక తల్లి తన తెలుగులో ఏడుస్తూ చెప్పిన మాటను కింది కోర్టు ఒక క్రమంలో పెట్టి నమోదు చేస్తుంది. రాజ్యాంగం 348వ అధికరణ ప్రకారం హైకోర్టు వ్యవహార భాష ఇంగ్లీషు కనుక ఆ మాట అక్కడికి ఇంగ్లీషులో చేరుతుంది. ఏళ్ల తర్వాత, ఆమె ముఖం ఎన్నడూ చూడని ఇద్దరు న్యాయమూర్తుల ధర్మాసనం, పోలీసుల ముందు ఇచ్చిన వాంగ్మూలానికీ దీనికీ పొంతన ఉందా అని వెతుకుతుంది. సాక్షి హావభావాలను నమోదు చేసే అవకాశం పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 280వ సెక్షన్‌లోనే ఉంది. కానీ ఆ హావభావాల గురించి రాసే ఒకటి రెండు వాక్యాల్లో ఎంత పడుతుంది?

ఇది ఒక్క చుండూరు కథ కాదు. 1985 జులై 17 నాటి కారంచేడు హత్యల కేసులో సెషన్స్ కోర్టు 1994లో విధించిన శిక్షలను హైకోర్టు 1998లో కొట్టివేసింది. ఆ తీర్పు తప్పని సుప్రీంకోర్టు చెప్పడానికి 2008 దాకా ఆగాల్సి వచ్చింది. ఘటనకూ తుది మాటకూ మధ్య ఇరవై మూడేళ్లు గడిచాయి.

ధర్మాసనంలో ఎవరు కూర్చుంటారన్న ప్రశ్న కూడా దీన్నుంచి వేరు కాదు. ఈ హైకోర్టు కె. రామస్వామి వంటి దళిత న్యాయమూర్తిని సుప్రీంకోర్టుకు పంపింది. అయితే 2018 తర్వాత దేశవ్యాప్తంగా నియమితులైన హైకోర్టు న్యాయమూర్తులలో షెడ్యూల్డ్ కులాలవారు నూటికి నలుగురైనా లేరని కేంద్రం పార్లమెంటుకిచ్చిన వివరాలే చెబుతున్నాయి. తెలంగాణ హైకోర్టుకు 42, ఆంధ్రప్రదేశ్‌కు 37 పదవులు మంజూరయ్యాయి. అట్టడుగు కులాల న్యాయమూర్తి ఉన్నంత మాత్రాన తీర్పు మారిపోతుందని నేననను. వాడ ఎక్కడ ముగుస్తుందో, ఊరు ఎక్కడ మొదలవుతుందో, ఫిర్యాదు ఇవ్వడానికి నాలుగు రోజులు ఎందుకు పడుతుందో చెప్పక్కర్లేని ఒక మనిషి ఆ గదిలో ఉంటాడంటాను.

అత్యాచారాల నిరోధక చట్టానికి 2015లో చేసిన సవరణ ఈ దూరాన్ని కొంత గుర్తించింది. 14ఎ సెక్షన్ ప్రకారం అప్పీలు వాస్తవాల మీదా చట్టం మీదా హైకోర్టుకే వెళ్తుంది, వీలైనంతవరకు మూడు నెలల్లో తేల్చాలి. 15ఎ బాధితులకు తమ మాట వినిపించే హక్కునిచ్చింది. అదే సెక్షన్‌లో, పదో ఉపసెక్షన్‌గా, పెద్దగా ఎవరూ పట్టించుకోని ఒక వాక్యం ఉంది: ఈ చట్టం కింద జరిగే విచారణ ప్రక్రియనంతా వీడియోలో నమోదు చేయాలి. చుండూరు విచారణ నాటికి ఈ నియమం లేదు. ఇప్పుడుంది. కెమెరా పెట్టి తీసి భద్రపరిస్తే సరిపోదు. సాక్షిని నమ్మలేమని చెప్పబోయే ధర్మాసనం ముందుగా ఆ సాక్షిని తెరమీదైనా చూడాలి, ఆమె భాషలోనే వినాలి. రెండు హైకోర్టులూ తమ నిబంధనల్లో ఈ మేరకు ఒక్క పేరా చేర్చవచ్చు. అందుకు పార్లమెంటు అక్కర్లేదు, కొత్త భవనమూ అక్కర్లేదు. ఇప్పటిదాకా ఎన్ని అట్రాసిటీ కేసుల విచారణలు రికార్డయ్యాయో, వాటిలో ఎన్ని అప్పీలు వాదనల సమయంలో తెరమీదకొచ్చాయో రెండు రిజిస్ట్రీలూ ముందు ప్రజలకు చెప్పాలి.